ఎవరి చేతి ధూపం

పోయిన వారం మనం లువాని కోర్టు హాల్లో నిలబెట్టి వచ్చేశాం. పాపం, ఆవిడ ఇంకా అక్కడే నిలబడి ఉంది.

కొత్తగా చదువుతున్నవారి కోసం రెండు ముక్కలు చెప్పుకుని ముందుకు పోదాం. కాలువ ఒడ్డున పంపరపనస తోట, తోటలో పాత పెంకుటిల్లు, ఇంటి వెనక తల్లిదండ్రుల సమాధులు. భర్త పోయాక పసిబిడ్డను చంకనేసుకుని పుట్టింటికి వచ్చిన లువా అప్పటినుంచీ ఆ ఇంట్లోనే ఉంది. మంచాన పడిన తల్లికి ఎత్తిపోసింది ఆవిడే. కానీ మా కాలువల సీమలో ఇల్లూ, పోయిన పెద్దలకి ధూపం వేసే పీఠమూ కడగొట్టు కొడుక్కే పోతాయి. "ఉంటే కడగొట్టోడు తింటాడు, లేకుంటే కడగొట్టోడే మోస్తాడు" అంటారు. లువా తమ్ముడు ఖియెమ్ తినడానికీ రాలేదు, మోయడానికీ రాలేదు. పట్నంలో లారీ తోలుకుంటూ ఉండిపోయాడు. అయినా తల్లి వాడి పేరా, వాడి భార్య సెన్ పేరా ఆస్తి రాసి పోయింది. తల్లి పోయాక వాడు వచ్చి ఇల్లు ఖాళీ చెయ్యమన్నాడు, లువా గేటు తియ్యలేదు. కింది కోర్టు వాడి వైపు తీర్పిచ్చింది. ఆవిడ అప్పీలు చేసింది.

ఆ తీర్పు వచ్చిన మర్నాడు పొద్దున్నే లువా పీఠం ముందు నిలబడి తల్లి ఫొటో మీద ఒట్టు పెట్టుకోవడం మీకు గుర్తుండే ఉంటుంది. "తమ్ముడు చచ్చినా వాడికి నా చేత్తో ఒక్క అగరొత్తు వెలిగించనమ్మా. వెలిగిస్తే ఈ చెయ్యి పడిపోనీ" అంది, కుడిచెయ్యి చాపి మరీ. ఆ మాట తనకీ అమ్మకీ తప్ప నరమానవుడికి తెలియదని ఆవిడ నమ్మకం. ఒట్టు పెట్టుకుని బయటికొస్తే గడప మీద అరటిపళ్ళ హస్తం ఒకటి ఉంది. పక్కింటివాళ్ళెవరో పెట్టి ఉంటారనుకుని తీసుకెళ్ళి పీఠం మీద పెట్టేసింది.

ఇక పోయిన వారం సంగతి. పైకోర్టులో విచారణ మొదలవుతూనే అడిగే ప్రశ్న ఒకటుంది: మీరు రాజీకి వచ్చారా? రాలేదనమని లాయరమ్మాయి క్విన్ లువాకి ముందే నేర్పింది. లువా లేచి నిలబడి, తమ్ముడి వైపు చూసి, నేర్పింది మర్చిపోయి, "మాట్లాడుకుంటామండీ" అనేసింది. ఎందుకన్నదో ఆవిడకే తెలియదు. అక్కడ ఆపాం.

నడివయసు న్యాయమూర్తి కళ్ళద్దాలు తీసి తుడుచుకుంది.

"మంచిది. మధ్యాహ్నం మేం మళ్ళీ కూర్చునేలోగా మాట్లాడుకోండి. ఒక్కమాట. హక్కు ఉన్న ప్రతి ఒక్కరూ ఇష్టపడి ఒప్పుకోవాలి. ఏ ఒక్కరు కాదన్నా రాజీ లేనట్టే. అప్పుడు మేం విని తీర్పు చెప్పాల్సిందే" అంది.

తీర్పు అన్న మాట వినగానే లువా క్విన్ వైపు తిరిగింది.

మెట్లు దిగుతుంటే క్విన్ ఆవిడ మోచెయ్యి పట్టుకుంది. "ఎలాగూ నోరు జారావు కాబట్టి చెప్తున్నా పెద్దమ్మా, రాజీయే నీకు మేలు. కాగితాలన్నీ మీ తమ్ముడి వైపే ఉన్నాయి. తీర్పు దాకా పోతే ఇల్లు దక్కుతుందని నేను చెప్పలేను."

"మరి ఇన్నాళ్ళూ పోరాడదాం అన్నావుగా అమ్మాయ్."

"పోరాడితేనే కదా రాజీకి పిలుస్తారు."

కోర్టు ఎదురుగా నూకల అన్నం అంగడి. బొగ్గుల మీద పందిమాంసం కాలుతూ రోడ్డంతా పొగ. ఖియెమ్ అప్పటికే ఓ మూల బల్ల దగ్గర కూర్చున్నాడు, పక్కన సెన్. అక్క రాగానే లేచి ప్లాస్టిక్ కుర్చీ జరిపాడు.

"కూర్చోక్కా. తింటూ మాట్లాడుకుందాం."

"నీ తిండి నువ్వు తిను. నాకు ఆకలి లేదు."

"పస్తుండి రాజీపడ్డవాళ్ళని నేను చూళ్ళేదు పెద్దమ్మా" అంటూ క్విన్ ఆవిణ్ణి కూర్చోబెట్టింది.

ఒకే బల్ల దగ్గర అక్కాతమ్ముళ్ళు కూర్చుని ఎన్నాళ్ళయిందో. పళ్ళేలు వచ్చాయి. ఖియెమ్ తన పళ్ళెంలో మాంసం తీసి సెన్ పళ్ళెంలో వేశాడు, అన్నం కూడా సగానికి పైగా వేశాడు. కాకరకాయ చారు గిన్నె మాత్రం దగ్గరికి లాక్కుని చెంచాతో నీళ్ళు తాగుతున్నాడు. చొక్కా వేలాడుతోంది, మెడ దగ్గర బొమికలు కనిపిస్తున్నాయి. లువా గమనించకపోలేదు. చూసి కాస్త సంతోషించింది కూడా.

"కోర్టుల చుట్టూ తిరిగి బాగానే చిక్కావు" అంది.

"నువ్వూ చిక్కావు."

"నేను చిక్కింది నీ వల్ల. నువ్వు చిక్కింది దురాశ వల్ల."

సెన్ తలెత్తలేదు. నంజుకునే చేపరసంలో పచ్చిమిరపకాయ ముక్కల్ని అన్నం తినే పుల్లలతో ఒక పక్కకి నెడుతోంది. ఈ సెన్ సంగతి చెప్పాలి. మాట్లాడని మనిషి. పెళ్ళయి వచ్చిన కొత్తలో లువా ఆమెని "మా మూగ మరదలు" అని ఊరంతా చెప్పుకు తిరిగింది. దావా పడ్డాక "మూగదానికి ముందే తెలుసు ఎవర్ని కట్టుకోవాలో" అని తిప్పి చెప్పింది. సెన్ దేనికీ బదులు చెప్పలేదు.

క్విన్ బల్ల తుడిచి తోట పటం పరిచింది. కాలువ, ఇల్లు, పంపరపనస వరసలు, వెనక రెండు చిన్న పెట్టెల్లా సమాధులు. "ఎవరికేం కావాలో చెప్పండి" అంది.

వంటిల్లూ, వెనక వసారా తమ్ముడు తనకి వదిలేస్తానంటే చాలు, కాళ్ళమీద పడైనా ఒప్పుకుంటానని లువా లోపల అనుకుంటూ ఉంది. పైకి మాత్రం గడ్డం ఎత్తుకుని కూర్చుంది.

"ఇల్లు అక్కకే" అన్నాడు ఖియెమ్. "తోట కూడా సగం తీసుకోనీ. కావాలంటే ఎక్కువైనా సరే."

లువాకి చెమటలు పట్టాయి. మంచి మాటకి చెమటలు పట్టడమేమిటంటారా? పాము కప్పకి కాపలా ఉంటానంటే కప్పకి నిద్ర పడుతుందా?

"మరి నీకేం కావాలి?"

"అమ్మ పీఠం." ఖియెమ్ చెంచా కింద పెట్టాడు. "అగరొత్తుల గిన్నె. అమ్మదీ నాన్నదీ తద్దినాలు ఇకనుంచి నా ఇంట్లో. సమాధుల పక్కన కొంచెం చోటు. అంతే."

అంతేనట.

ఆ గిన్నెలో బూడిద తాతల నాటిది. ఏడాది చివర అల్లం సారాయితో తుడిచేటప్పుడు కూడా ఆవిడ గిన్నెని వేలెడు కదపదు. చుట్టూ చేత్తో రాస్తుంది, అంతే. గిన్నె కదిలితే పెద్దలు కదులుతారు. రోజూ సాయంత్రం ఒక అగరొత్తు వెలిగించి గుచ్చి, "అమ్మా, ఇవాళ కోడి గుడ్డు పెట్టింది, అమ్మా, మోకాలు నొప్పి" అని చెప్పుకునేది అక్కడే. గిన్నె లేని ఇల్లు ఆవిడకెందుకు?

"తోటంతా తీసుకో" అంది. "కాలువ దాకా తీసుకో. పంపరపనసలన్నీ నీవే. నాకు ఇల్లూ గిన్నే వదిలెయ్."

"తోట వద్దక్కా. నువ్వే ఉంచుకో. గిన్నె ఇయ్యి."

"తోట నాకొద్దంటున్నాగా."

"నాకూ వద్దు."

క్విన్ కలం మూసేసింది. "ఇద్దరూ కలిసి భూమిని ఒకరి మీదికి ఒకరు తోసుకుంటున్నారు. ఇదేం ఆస్తి దావా తల్లీ" అంది. "ఒక సంగతి చెప్తా వినండి. తీర్పులో కోర్టు రాసేది ఇల్లూ నేలా మాత్రమే. ధూపం గిన్నె, తద్దినం రాయదు. అది మీ మధ్య నోటిమాట."

"నోటిమాటే చాలు" అన్నాడు ఖియెమ్.

"ఎందుకురా?" లువా ముందుకి వంగింది. "అమ్మ మంచాన పడితే చూడ్డానికి చుట్టంలా వచ్చి బత్తాయిలు పెట్టి పోయావు. ఇప్పుడు చచ్చిన అమ్మ మీద ప్రేమ పుట్టుకొచ్చిందా? సమాధుల పక్కన చోటెందుకో నాకు తెలీదనుకున్నావా? అటునుంచే కదా సిమెంటు రోడ్డు వేస్తున్నారు. రేపు దాన్ని కాఫీ కొట్టువాడికి అమ్మేస్తావు. అమ్మ నెత్తిన కుర్చీలు వేయిస్తావు."

"అమ్మను. కాగితం రాసిస్తా."

"పోనీ, తద్దినం పెట్టడమంటే తెలుసా నీకు? ఊరంతా వస్తారు. కాకరకాయలో మాంసం కూరాలి, అరటాకుల్లో జిగురుబియ్యం ఉండలు చుట్టాలి, చేప ఉడికించాలి. రెండు రోజులు నడుం ఎత్తడానికి ఉండదు. ఎవరు చేస్తారు, నువ్వా?"

"సెన్ చేస్తుంది."

సెన్ చేతిలో పుల్లలు ఆగాయి. ఒక్క క్షణం ఆగి మళ్ళీ మిరపకాయ ముక్కల మీదికి పోయాయి. ఎవరూ ఆమెని చూడలేదు. మా ఊళ్ళలో తద్దినం ఎవరిదని కొట్టుకునేది మగాళ్ళూ ఆడబిడ్డలూను. పొయ్యి ముందు కూర్చునేది కోడలు. ఆమెని అడిగేవాళ్ళు ఎప్పుడూ లేరు.

"నేను కడగొట్టోణ్ణి" అన్నాడు ఖియెమ్, పటం వైపు చూస్తూ. "నా వంతు నాక్కావాలి. ఇంకేం అడగనక్కా."

క్విన్ లువా చెవి దగ్గర వంగింది. "పెద్దమ్మా, ఆలోచించుకో. తీర్పు దాకా పోయి ఓడిపోతే ఇల్లూ పోతుంది, పీఠానికి చోటూ పోతుంది. అప్పుడు ఆ గిన్నె పట్టుకుని ఎక్కడ నిలబడతావు?"

ఎక్కడ? కొడుకు జోళ్ళ ఫ్యాక్టరీ పక్కన అద్దెగదిలో ఉంటాడు. మంచం వేస్తే తలుపు తెరుచుకోదు. లువా కళ్ళ ముందు ఆ గది కనిపించింది, ఆ గదిలో మూల తాను కనిపించింది. ఈ వయసులో ఇంకొకరి గది మూల. భయమేసింది. నిజంగా, చిన్నపిల్లకి చీకటంటే వేసినట్టు భయమేసింది.

"తీసుకో" అంది.

ఖియెమ్ క్విన్ వైపు చూశాడు.

"తీసుకోరా, నీకే చెప్తున్నా. కానీ మంచి రోజు చూసి తీసుకెళ్ళు. పైన గొడుగు పట్టి, రెండు చేతుల్తో ఎత్తుకుని వెళ్ళు. లారీ వెనక తాళ్ళతో కట్టి తీసుకెళ్ళావంటే..." ఐసు టీ గ్లాసు ఎత్తి మొహానికి అడ్డం పెట్టుకుంది.

"ఎత్తుకునే వెళ్తా" అన్నాడు ఖియెమ్. అతని కళ్ళలో తెలుపు పసుపు తిరిగి ఉంది. అంగడి రేకుల నీడ పడి అలా కనిపిస్తోందనుకుంది లువా.

మధ్యాహ్నం కోర్టు హాల్లో పంకాలు గిరగిరా తిరుగుతున్నా గాలి లేదు. క్విన్ రాసిచ్చిన షరతులు న్యాయమూర్తి పైకి చదివింది. ఇల్లూ, తోటలో కాలువ వైపు సగమూ లువాకి. మిగతా సగమూ, సమాధుల పక్క చోటూ ఖియెమ్ దంపతులకి. చదువుతున్నంతసేపూ లువా బల్ల అంచు పట్టుకునే ఉంది. గిన్నె మాట అందులో లేదు. ఆవిడ కోల్పోయింది ఆ కాగితంలో ఎక్కడా కనిపించలేదు.

"అప్పీలు వేసినవారు, మీ ఇష్టంతోనే ఒప్పుకున్నారా? ఎవరైనా బలవంతపెట్టారా?"

"ఇష్టంతోనేనండీ." అబద్ధమే. కానీ రాజీల్లో అలాంటి అబద్ధం అందరూ ఆడతారు.

"మీరు?"

"ఒప్పుకున్నానండీ" అన్నాడు ఖియెమ్.

"ఆస్తి పత్రంలో మీ భార్య పేరు కూడా ఉంది. సెన్‌గారూ, మీకు సమ్మతమేనా?"

అడగడం రివాజు. క్విన్ అప్పటికే కాగితాలు సంచీలో సర్దుతోంది. ఖియెమ్ గుమ్మం వైపు చూస్తున్నాడు. లువా మనసు ఇంటికి పోయింది, ఇవాళ సాయంత్రం అమ్మకి ఏమని చెప్పాలా అని.

"కాదండీ" అంది సెన్.

న్యాయమూర్తి కాగితం మీంచి తలెత్తింది.

"ఏమన్నారు?"

"నాకు సమ్మతం కాదండీ."

"సెన్, కూర్చో" అన్నాడు ఖియెమ్.

"ఇన్నాళ్ళూ కూర్చునే ఉన్నాను" అంది సెన్. లేచి నిలబడింది. లువా ఆమె గొంతు ఇంత సేపు వినడం అదే మొదలు. అయిపోయింది, ఇల్లు పోయింది, మూగది నోరు తెరిచి నా కొంప ముంచింది అనుకుంది.

న్యాయమూర్తి కళ్ళద్దాలు సర్దుకుంది. "ఏ షరతు మీకు నచ్చలేదమ్మా?"

"కాగితంలో ఉన్నవన్నీ మంచివేనండీ. అందులో లేనిది నచ్చలేదు. ఈయన వాళ్ళక్క దగ్గర ధూపం గిన్నె తీసుకుంటున్నాడు, తల్లి తద్దినం పెడతానని. తద్దినానికి వండేది నేను. వండడానికి నాకేం కష్టం లేదు. కానీ గిన్నె తల్లి కోసం కాదండీ."

"సెన్." ఖియెమ్ గొంతు గట్టిగా లేదు. బతిమాలుతున్నట్టుంది.

"తన కోసం." సెన్ భర్త వైపు చూడలేదు. నేరుగా లువా వైపు తిరిగింది. "వదినా, ఈయన లివరు పాడైపోయింది. పట్నంలో చూపించాం, తిరగని ఆసుపత్రి లేదు. ఇంటికి తీసుకెళ్ళి ఇష్టమైంది పెట్టమన్నారు. ఇష్టమైంది తినలేడు. మీరు చూశారుగా, చారు నీళ్ళు తాగుతాడు. మాకు పిల్లల్లేరు. నేనున్నన్నాళ్ళూ నేను వెలిగిస్తాను. నా తర్వాత ఎవరు? ఆ భయంతో పడుకోడు. అందుకే గిన్నె కావాలి, అమ్మ పక్కన చోటు కావాలి. గిన్నె తన ఇంట్లో ఉంటే తన పేరు కూడా ఆ పీఠం మీద ఉంటుందని, అమ్మకి వెలిగించేవాళ్ళు తనకీ ఒకటి వెలిగిస్తారని. ఇది మీకు చెప్పొద్దని నా చేత ఒట్టు వేయించుకున్నాడు."

వేలాడే చొక్కా, పసుపు కళ్ళు, సెన్ పళ్ళెంలోకి వేసేసిన అన్నం. లువాకి ఒక్కొక్కటీ తిరిగొచ్చింది. "దురాశ వల్ల చిక్కావు" అన్న తన మాట కూడా తిరిగొచ్చింది.

"అయితే మీకేం కావాలి?" న్యాయమూర్తి మెల్లగా అడిగింది.

"గిన్నె ఎక్కడిదక్కడే ఉండనీండి. ఇల్లు వదినకే ఉండనీండి. ఒక్కటే నా షరతు. ఈయన పోయాక ఈయనకో గిన్నె ఆ పీఠం మీద పెట్టి, తద్దినం రోజు వదిన తన చేత్తో అగరొత్తు వెలిగిస్తానని ఇక్కడ, మీ ముందు, నోటితో చెప్పాలి. చెప్తే ఇప్పుడే సంతకం పెడతా. చెప్పకపోతే పెట్టను. తీర్పే చెప్పండి."

"అమ్మా, ఇలాంటిది మేం తీర్పులో రాయలేం."

"రాయకండి. వింటే చాలు."

అందరి కళ్ళూ లువా మీదికి తిరిగాయి. క్విన్ బల్ల కింద ఆవిడ చెయ్యి గట్టిగా నొక్కింది, చెప్పెయ్ పెద్దమ్మా అన్నట్టు. ఎంత సులువు. ఒక్క మాట. ఇల్లు దక్కుతుంది, తోట దక్కుతుంది, గిన్నె కదలదు. తమ్ముడు, తను వీపున మోసి కాలువ దాటించిన తమ్ముడు, ఆ రాత్రి నిద్రపోతాడు.

లువా లేచింది. నోరు తెరిచింది. కుడిచెయ్యి చల్లబడిపోయింది.

ఒట్టు తీసి గట్టు మీద పెట్టొచ్చు, సంతలో పెట్టుకున్నదైతే. ఇది అమ్మ ముందు, వెలుగుతున్న ధూపం ముందు, చెయ్యి చాపి పెట్టుకున్న ఒట్టు. వెలిగిస్తానని ఇక్కడ చెప్తే అమ్మ దగ్గర అబద్ధం. వెలిగించనని చెప్తే బతికున్న తమ్ముడి మొహాన చావు మాట. ఏమీ చెప్పకపోతే ఇల్లు పోతుంది. ఈ సంగతి ఎవరికి చెప్పుకోను? ఎవరికీ తెలియదే.

"చెప్పండమ్మా" అంది న్యాయమూర్తి.

"నేను..." అంది లువా.

"చెప్పకక్కా."

ఖియెమ్ లేచి నిలబడ్డాడు. బల్ల మీద రెండు చేతులూ ఆనించి నిలబడాల్సి వచ్చింది.

"చెప్పకు. నీ చెయ్యి పడిపోతుంది."

లువా తమ్ముడి వైపు తిరిగింది. ఆ మాట తను అన్నది ఇంటి లోపల, పీఠం ముందు, పొద్దున్నే, ఒంటరిగా.

"నీకెలా తెలుసురా?"

"తీర్పు వచ్చిన మర్నాడు వచ్చానక్కా. ఇల్లు నువ్వే ఉంచుకో, నాకు అమ్మ పక్కన చోటిస్తే చాలని చెప్పి పోదామని వచ్చాను. చెప్పులు కూడా విప్పేశాను." ఖియెమ్ ఊపిరి కోసం ఆగాడు. "లోపల నువ్వు అమ్మతో మాట్లాడుతున్నావు. అరటిపళ్ళు గడప మీద పెట్టేసి వెళ్ళిపోయాను."